వేధశాలలును మన పంచాంగములును

చెన్నపురియందు నుంగంబాకములో, నేఁడు వాతావరణశాఖవారి కార్యాలయమున్న యావరణమున, ఒక కొండఱాతి స్తంభము నిలిచియున్నది. దాని బరువు పది టన్నులని చెప్పుదురు. నక్షత్రములను చూచు యంత్రమునకు అదురు తగులకుండుటకై 1792వ సంవత్సరమున దానిని నాటిరి. దానిపై లాటిను భాషతోపాటు తమిళమునను తెలుఁగునను గూడ శాసనము చెక్కఁబడినది. ఆంగ్లేయుల యౌదార్యము గణితశాస్త్రములను ఆసియాఖండమున మొట్టమొదట నాటిన కాలమును వేయేండ్లకుఁ దరువాతివారు సయితము తెలిసికొనవలెనని దానిని చెక్కించినవారి యుద్దేశము.

ఈ సంగతి విన్నపుడు మనకు నవ్వు రాక మానదు. ఆర్యభటుఁడు తన గ్రంథమున 499వ సంవత్సరమును పేర్కొనియున్నాఁడు. భాస్కరాచార్యుఁడు 1150లో సిద్ధాంతశిరోమణిని ముగించెను. స్తంభము నాటుటకు ఇంచుమించు డెబ్బదియేండ్లకు ముందే జయసింహ మహారాజు ఢిల్లీలో మహాయంత్రములను కట్టించెను. అయినను నవ్వి యూరకుండుట మనకుఁ దగదు. 1743లో జయసింహుఁడు మరణించిన పిదప ఆయన కట్టడములలో పని కొనసాగలేదు. అవి నేఁడు యాత్రికులు చూచు వింతలుగా మిగిలినవి. నుంగంబాకమున నాటినది గణితము కాదు. ప్రతిరాత్రి ఆకాశమును చూచుట, చూచినదానిని అంకెలలో వ్రాయుట, వ్రాసినదానిని అచ్చువేసి లోకమునకు పంచుట అను పనులను ఒకఁడు పోయినను మఱియొకఁడు సాగించునట్టి యేర్పాటు అక్కడ నాటఁబడినది. ఆ యేర్పాటునకే వేధశాల యని పేరు. అది మన యిండ్లకు ఏమి చేసినదో, దానికి మనవారు ఏమి చేసిరో తెలిసికొనుట మంచిది.

దానిని స్థాపించినవారికి శాస్త్రముపై నున్న ప్రేమకంటె ఓడలపై నున్న భయ మెక్కువ. చోళమండలతీరమున రేవులు తక్కువ. కంపెనీవారి నావలు పెక్కులు నష్టమగుచుండెను. భూమి యిరువదినాలుగు గంటలలో 360 భాగలు తిరుగును గనుక గంటకు 15 భాగలు, నాలుగు నిమిషముల కొక భాగ. రెండుచోట్ల ఒకే క్షణమున గడియారము లేమి చూపునో తెలిసినచో ఆ రెంటికి నడుమ రేఖాంశభేదము తెలియును. ఆ యొకే క్షణమును తెలుపుటకు బృహస్పతి చంద్రులకు పట్టు గ్రహణములు ఆకాశమందలి గడియారముగా నుపయోగపడెను. 1786లో విలియం పెట్రీ యను కంపెనీ యుద్యోగి ఎగ్మూరులో సొంత యంత్రములతో ఈ పని ప్రారంభించెను. కంపెనీవారు దానిని తీసికొని, మైఖేల్ టాపింగు చేసిన నమూనా ప్రకారము నుంగంబాకమున కట్టించిరి. అక్కడ తేలిన రేఖాంశమే, 1802లో లాంబ్టను సెయింట్ థామస్ కొండ దగ్గర గొలుసు పఱచి మొదలుపెట్టిన దేశపు కొలతకు ఆధారమయ్యెను. మన జిల్లాల పటములు, పొలిమేరలు అన్నియు ఆ ఱాతిస్తంభమునకు ఒకవిధముగా ఋణపడియున్నవి. రైలుబండ్లు సయితము చిరకాలము మద్రాసు కాలమును అనుసరించియే నడచెను. 1906 ప్రారంభమున ఇప్పటి భారతకాలము ఏర్పడినప్పుడు ఆ గడియారము సుమారు తొమ్మిది నిమిషములు ముందునకు జరిగినది. ఇప్పటి కాలమునకు ఆధారమైన రేఖ మన కాకినాడ సమీపముననే పోవుచున్నది.

కంపెనీవారు కోరినది ఓడలదారి. అక్కడి పనివారు చేసినది అంతకంటె విస్తారము. టి. జి. టెయిలరు 1830లో వచ్చి, 1844 నాఁటికి పదునొకండువేల నక్షత్రముల స్థానములను పట్టికగా నిచ్చెను. 1861లో వచ్చిన నార్మన్ పాగ్సను ఆ సంవత్సరమే యొక చిన్నగ్రహమును కనుఁగొని దానికి 'ఏషియా' యని పేరిడెను. ఈ ఖండమునుండి మొదట కనుఁగొనఁబడినది గనుక ఆ పేరు. తరువాత మఱి నాలుగింటిని కనుఁగొనెను. ఇవి యన్నియు గ్రంథములలో నున్నవే. మేము చెప్పఁదలఁచినది ఆ దొరల ప్రక్కన నిలిచి పనిచేసిన యొక తెలివిగల మనుష్యుని గుఱించి.

చింతామణి రఘునాథాచార్యులు 1828లో పుట్టెను. వారిది పంచాంగములు గణించు కుటుంబము. చిన్నవయసుననే వేధశాలలో కుదిరి, క్రమముగా ప్రథమ సహాయకుఁడై, మరణించువఱకు అక్కడనే పనిచేసెను. 1867లో రెటిక్యులమ్ అను దక్షిణరాశిలోని యొక నక్షత్రపు వెలుఁగు పెరిగి తఱుగుచున్నదని ఆయన కనిపెట్టెను. ఆధునిక యంత్రములతో భారతీయుఁ డొకఁడు చేసిన మొదటి నూతనావిష్కరణము ఇదియే యని చరిత్రకారులు చెప్పుదురు. 1872లో లండను రాజకీయ జ్యోతిష సంఘమువారు ఆయనను సభ్యునిగా గ్రహించిరి. ఇంతటివాఁడు రాత్రులందు దూరదర్శినికడ కూర్చుండి, పగలు ఇంటికి వచ్చి, తండ్రితాతల తాటాకులను ముందిడుకొని పంచాంగమును గణించుచు ఏమి తలఁచియుండునో యూహింపవచ్చును. చంద్రుఁడు ఆకాశమున ఒకచోటను, ఇంటి పంచాంగమున వేఱొకచోటను ఉండెను. ఆయన ఆకాశమును నమ్మెను. దృగ్గణితమును అనుసరించిన పంచాంగమును ప్రకటించుచు, 1880లో కన్నుమూయువఱకు, పూర్వపద్ధతివారితో వాదించెను.

ఈ భేదము ఎట్లు కలిగినదో చెప్పుట యవసరము. ఏలయన ఇది నేఁటికిని మన యిండ్లలో జరుగుచున్న తగవు. మా చిన్ననాఁడు మా తాతగారి యింట రెండు పంచాంగము లుండెడివి. ఒకదాని ప్రకారము ఏకాదశి మంగళవారము, రెండవదాని ప్రకారము బుధవారము వచ్చినపుడు మా నాయనమ్మ రెండుదినములును ఉపవసించెడిది. మగవారు వాదించుకొనెడివారు; పస్తుండినది మాత్రము ఆమె. పూర్వపద్ధతిలో చంద్రగతికి ముఖ్యమైన యొక సంస్కారమునే చేయుదురు. నిజమునకు సూర్యుని యాకర్షణముచేత చంద్రుని నడకలో ఇంకను పెక్కు తేడాలు కలుగును. అమావాస్యా పూర్ణిమలయందు ఆ తేడాలు మిక్కిలి తక్కువ. అష్టమి ప్రాంతమున ఎక్కువ. కావున తిథి ముగియు కాలమున కొన్ని గంటల భేదము రావచ్చును. గ్రహణము లమావాస్యా పూర్ణిమలయందే కలుగును గదా! అందుచేత పాతలెక్క గ్రహణమునందు ఇంచుమించు సరిపోయి, చూచువారికి సంపూర్ణ విశ్వాసమును కలిగించును. "గ్రహణము చెప్పినట్లే పట్టినది, ఇఁక ఏకాదశి తప్పునా?" యని యడుగువారు ఈ మర్మము నెఱుఁగరు. పంచాంగకర్తలలో కొందఱు గ్రహణమునకు మాత్రము నావికపంచాంగమును చూచి వ్రాసికొని, తక్కిన తిథులకు ప్రాచీనత్వమును చాటుట మేమెఱుఁగుదుము. అందఱు చూచు దినమున ఆకాశము ప్రమాణము, ఎవ్వరును చూడని దినమున గ్రంథము ప్రమాణము!

దృక్కు అను మాటను రఘునాథాచార్యులు ఇంగ్లీషునుండి తెచ్చినది గాదు. కేరళమున పరమేశ్వరుఁడు దీర్ఘకాలము గ్రహణములను చూచి, పాతగణితము దృష్టికి సరిపడలేదని, 1431లో 'దృగ్గణితము' అను గ్రంథమునే రచించెను. చూచి సరిదిద్దుట మన శాస్త్రమునకు కొత్త కాదు. సరిదిద్దుట మానిన తరువాతనే అది ముసలిదయ్యెను. 1874లో శుక్రుఁడు సూర్యబింబము నడ్డముగా దాఁటినపుడు రఘునాథాచార్యులు ఆ విషయమై యొక చిన్నపుస్తకమును సంభాషణరూపమున వ్రాసి ఇంగ్లీషునందేకాక దేశభాషలయందును ప్రకటించెను. దొరలకు నివేదిక వ్రాసి యూరకుండక, ఇరుగుపొరుగువారికి చెప్పుట తన పనియే యని యాయన తలఁచెను. వేధశాల వ్రాసిన లావుపాటి సంపుటములకంటె ఆ చిన్నపుస్తకమే మాకు ప్రియమైనది.

మన తెలుఁగుదేశమునకు వేధశాల నడచివచ్చిన దినమొకటి కలదు. 1868 ఆగస్టు 18వ తేదీన సంపూర్ణ సూర్యగ్రహణపు నీడ మన జిల్లాలమీఁదుగా పోయెను. పాగ్సను మచిలీబందరున డేరా వేసెను. రఘునాథాచార్యులు మఱియొక బృందమునకు నాయకుఁడై వనపర్తికి పోయెను. గుంటూరికి ఫ్రాంసునుండి జాన్సెను, ఆంగ్లేయుల పక్షమున టెన్నంటు వచ్చిరి. ఆఱు నిమిషములకైన లోపుగా నుండు ఆ చీఁకటికొఱకు సముద్రములు దాఁటి వచ్చినవారు వారు. అదే సమయమున మనవారు తలుపులు మూసికొని, నీటిబిందెలలో దర్భలు వేసి, గర్భిణీస్త్రీలను గదులలో దాఁచియుందురు. ఎగతాళికై మేమీమాట వ్రాయుట లేదు. 1995 అక్టోబరు 24వ తేదీ యుదయమున సూర్యగ్రహణము పట్టినపుడు మా యింటను అట్లే జరిగినది. కిటికీసందునుండి గోడపై పడిన వెలుఁగుచుక్క నెలవంకవలె నగుట చూచి మేము కేకవేయఁగా, పెద్దలు ఆ సందునుగూడ గుడ్డతో మూసిరి.

ఆ గ్రహణసమయమున సూర్యుని యంచున కనఁబడు ఎఱ్ఱని జ్వాలలను వర్ణపటయంత్రముతో చూడఁగా వెలుఁగురేఖలు కనఁబడెను. అనఁగా ఆ జ్వాలలు మండుచున్న వాయువులే యని తేలినది. జాన్సెను మఱునాఁడు గ్రహణము లేకయే వానిని చూచు నుపాయమును గుంటూరిలోనే కనిపెట్టెను. ఆనాఁటి రేఖలలో పసుపుపచ్చనిది యొకటి యుండెను. అది డి యను సోడియపు రేఖ యున్నచోటనో దాని సమీపముననో యున్నదని పాగ్సను వ్రాసెను. ఆయన నివేదిక మద్రాసున అచ్చుపడెను గాని విద్వాంసులలో తగినంత వ్యాపింపలేదు. ఆ సంవత్సరమే అక్టోబరులో ఇంగ్లండున లాకియరు గ్రహణము లేకయే ఆ రేఖను చూచి, అది సోడియముది కాదని నిశ్చయించెను. తరువాత దానికి కారణమైన పదార్థమునకు హీలియమని పేరు వచ్చినది. 1895లో రాంసే దానిని భూమిపై పట్టుకొనెను. మన పాఠశాలలలో హీలియము గుంటూరిలో కనుఁగొనఁబడినదని చెప్పుట పరిపాటి. మేమును పెక్కేండ్లు అట్లే చెప్పితిమి. అది ముచ్చటగా నుండును గాని సరి కాదు. గుంటూరికి చెందవలసినది గ్రహణము లేకయే సూర్యజ్వాలలను చూచు పద్ధతి. ఆ కీర్తి తక్కువైనది గాదు.

ఆనాఁడు విశాఖపట్టణమున మనవారిదే యొక వేధశాల యుండెను. గోడే వెంకట జగ్గారావు అను జమీందారు మద్రాసుకు పోయి టెయిలరుకడ జ్యోతిషము నేర్చి, 1840 ప్రాంతమున డాబాతోటలోని తన యింట యంత్రములను నెలకొల్పెను. ఆయన 1856లో మరణింపఁగా అల్లుఁడు అంకితం వెంకట నరసింగరావు దానిని వృద్ధిచేసి, 1868 గ్రహణమును, 1874 శుక్రగమనమును పరిశీలించి, లండను సంఘమున సభ్యుఁడయ్యెను. ఆయన 1892లో పోయిన తరువాత భార్య అచ్చయ్యమ్మగారు ఆ వేధశాలను 1894లో ప్రభుత్వమున కప్పగించిరి. తరువాత అది నిలువలేదు. పట్టణపు పెద్దలలో ఎందఱికి ఆ పేర్లు తెలియునో విశాఖ చదువరులే చెప్పవలెను. అదే కాలమున మద్రాసులో పాగ్సను కుమార్తె ఐసిస్ పాగ్సను 1873 మొదలు ఇరువదియైదేండ్లు వేధశాలయందు సహాయకురాలుగా పనిచేసెను. 1886లో ఆమె పేరును తండ్రి లండను సంఘమునకు ప్రతిపాదింపఁగా, స్త్రీ యైన కారణమున దానిని ఉపసంహరింపవలసి వచ్చెను. 1920లో మాత్రమే ఆమెకు సభ్యత్వము లభించినది. నల్లవాఁడైన రఘునాథాచార్యులకు తెఱచిన తలుపు తెల్లదొర కూఁతురునకు నలువదియెనిమిదేండ్లు మూయఁబడియుండుట విచిత్రము.

పాగ్సను కష్టజీవి, అయినను ఆయనయందొక గొప్పలోపము కలదు. ముప్పదియేండ్లు చూచిన నక్షత్రముల లెక్కలను అచ్చునకు సిద్ధపఱచక పెట్టెలలో పేర్చెను. ఆయన 1891లో మరణించిన పిదప మిచీ స్మిత్తు వానిని సంపుటములుగా ప్రకటించెను. సహాయకుల కొఱతయు ధనపు కొఱతయు నిజమే. అయినను అచ్చుపడని పరిశీలనము ఇనుపపెట్టెలోని విత్తనమువంటిది. ప్రపంచమునకు ఆ స్థానములు కావలసిన దినములలో అవి చెన్నపురి చెదలకు దగ్గఱగా నుండెను.

ఈలోగా కాలము మాఱినది. ధాతనామ సంవత్సరపు కఱవు చదువరులలో పెద్దలు వినియుందురు. 1876 మొదలు 1878 వఱకు దక్షిణదేశమున లక్షలకొలఁది జనులు మలమల మాఁడి చచ్చిరి. సూర్యునిపైనుండు మచ్చలు పదునొకండేండ్ల కొకమాఱు పెరిగి తఱుగునని అప్పటికే తెలియును. ఆ మచ్చలకును వానలకును సంబంధ మున్నదని 1877లో లాకియరును హంటరును వ్రాసిరి. సూర్యుని దినదినము గమనించినచో కఱవు ముందే తెలియునన్న యాశ పుట్టెను. ఆ యాశయే కోడైకానలు కొండపై 1899లో పని మొదలిడిన సౌరవేధశాలకు ఒక కారణము. కఱవున ధాన్య మెగుమతి యగుచుండఁగా ఆఁకలికి సూర్యునిలో కారణము వెదకినవారిపై మాకు కొంత కోపము లేకపోలేదు. వానలు ఆ మచ్చలు చూచి కురియవని తరువాత తేలినది. కాని పని వ్యర్థము కాలేదు. 1909 జనవరిలో జాన్ ఎవర్షెడ్డు అక్కడ సూర్యమచ్చల వర్ణపటమును పరీక్షించి, మచ్చ నడుమనుండి యంచులకు వాయువులు ప్రవహించుచున్నవని కనిపెట్టెను. ఆ ప్రవాహము నేఁటికిని ఆయన పేరిటనే ప్రసిద్ధము. అంతకంటె విలువైనది వేఱొకటి కలదు. 1904 మొదలు మబ్బులేని ప్రతిదినమును సూర్యుని చాయాచిత్రము తీసి దాఁచిరి. నూఱేండ్లకు మించిన ఆ పలకలను ఇప్పుడు యంత్రములలోనికెక్కించి దేశదేశముల విద్వాంసులు వాడుకొనుచున్నారు. కఱవుకై వెచ్చించిన ధనము సూర్యుని చరిత్రకు మూలధనమైనది.

ఇట్టిదే మఱియొక కథ మన హైదరాబాదులో జరిగినది. నవాబు జఫర్ జంగు ఇంగ్లండునుండి పదునైదంగుళముల దూరదర్శినిని తెప్పించి 1901లో ఫిసల్‌బండలో నిలిపి, నిజాముపేరిట నిజామియా వేధశాల యనెను. ఆయన 1907లో మరణింపఁగా మఱుసటియేఁడు నిజాము ప్రభుత్వమువారు దానిని స్వీకరించిరి, బేగంపేటకు మార్చిరి. 1919లో అది ఉస్మానియా విశ్వవిద్యాలయమునకు చేరెను. 1887లో పారిసునందు కూడిన విద్వాంసులు ఆకాశమునంతయు చాయాచిత్రములుగా పట్టి, ప్రతినక్షత్రపు స్థానమును కొలువవలెనని సంకల్పించి, దేశమున కొక భాగముగా పంచుకొనిరి. దక్షిణ అమెరికాలోని సాంటియాగోవారు తమ భాగమును నెఱవేర్పలేకపోఁగా అది హైదరాబాదునకు వచ్చెను. దానిని ముగించి, పొట్స్‌డాము వదలిన యింకొక భాగమును గూడ తీసికొనిరి. 1918 మొదలు 1944 వఱకు దీనికి అధ్యక్షుఁడైన టి. పి. భాస్కరన్ ఆ పదవి నందిన మొదటి భారతీయుఁడు. గాజుపలకపై నొక్కొక్క చుక్కను సూక్ష్మదర్శినితో చూచి అంకె వ్రాయుట ఎంత విసుగైన పనియో చెప్పనక్కఱలేదు. ఏడున్నర లక్షలకు మించిన స్థానములు పండ్రెండు సంపుటములుగా వెలువడెను.

ఆ వేధశాలలో పనిచేసిన యొక యుద్యోగి కుమారుఁడు అక్కడి దూరదర్శినుల నడుమ పెరిగి, నిజాము కళాశాలలో చదివి, 1960లో కోడైకానలుకు అధ్యక్షుఁడయ్యెను. ఆయనయే వైణు బప్పు. తమిళదేశమున జవ్వాది కొండలలోని కావలూరు వేధశాల ఆయన నెలకొల్పినది. 1977 మార్చి 10వ తేదీన యురేనసు గ్రహపు వలయముల జాడ పట్టినవారిలో కావలూరివారును కలరు. హైదరాబాదువారు సయితము 1968లో రంగాపురమున పెద్ద దూరదర్శినిని నిలిపిరి. 1980 ఫిబ్రవరి 16వ తేదీ సంపూర్ణగ్రహణమును అక్కడనుండి చూచిరి. పంచాంగముల విషయమునను కొంత జరిగినది. మేఘనాథ్ సాహా అధ్యక్షతను 1952లో ఏర్పడిన సంఘము దేశమందలి పంచాంగములను పరిశీలించి 1955లో నివేదిక నిచ్చెను. నేఁడు కలకత్తానుండి వెలువడు రాష్ట్రీయ పంచాంగము తెలుఁగునందును దొరకును. మా పాఠశాలలో నొకప్రతి తెప్పించితిమి. తోడి యుపాధ్యాయులలో నొకరు దానిని తిరుగవేసి, "ఇందులో రాశిఫలములు లేవే!" యని క్రింద పెట్టిరి.

బేగంపేట అంకెలు చాలకాలము గ్రంథాలయములలో దుమ్ముపట్టి యుండెను. వానిని తలఁచినవారు తక్కువ. ఐరోపావారు 1989లో హిప్పార్కసు అను నుపగ్రహమును పంపి నాలుగేండ్లలో నక్షత్రస్థానములను మహాసూక్ష్మముగా కొలిచిరి. కాని నక్షత్రము లెటువైపు ఎంత వేగముగా కదలుచున్నవో తెలియుటకు నాలుగేండ్లు చాలవు. పూర్వము అవి యెక్కడ నుండెనో చెప్పువారు కావలెను. అప్పుడు పారిసు సంకల్పపు పాతసంపుటములను వెదకి తీసిరి. 2000వ సంవత్సరమున వెలువడిన టైకో రెండవ పట్టికలో ఇరువదియైదు లక్షల నక్షత్రముల గతులు కలవు. వాని గణనకు హైదరాబాదులో కొలిచిన స్థానములును ఉపయోగింపఁబడినవి. ఆ సంపుటముల ముఖపత్రములపై అధ్యక్షుల పేరు లచ్చువేసిరి. మేజాబల్లలమీఁద వంగి చుక్కలు కొలిచినవారిలో పెక్కండ్ర పేర్లు జీతపుపట్టీలలో నుండియుండును.